‘మందబి’ సినిమాలో తప్పు ఎవరిది? పాతకాలం మనిషిదా, కొత్తకాలం ఆఫీసులదా?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతవరకు ఇది: సెనెగల్ దర్శకుడు ఉస్మాన్ సెంబెన్ తీసిన ‘మందబి’ (1968) గురించి ఎక్కడ చదివినా ‘సంప్రదాయానికీ ఆధునికతకీ ఘర్షణ’ అని రాస్తున్నారు. మీరు చూస్తే మాత్రం ఒక బద్ధకస్తుడైన పెద్దాయన గంటన్నర సేపు ఆఫీసుల చుట్టూ తిరగడం తప్ప ఏమీ కనిపించలేదు. ఆయన మీద జాలి కూడా కలగలేదు. ఇంతకీ దర్శకుడు ఎవరి పక్షం, తప్పు ఎవరిదంటాడు?

ముందు సూటిగా చెప్పేస్తాను. సంప్రదాయం ఒకవైపు, ఆధునికత ఇంకోవైపు నిలబడి కొట్టుకునే కథ కాదది. ఆ రెండూ తెలిసినవాడు, ఒక్కటే తెలిసినవాణ్ని దోచుకునే కథ. పెద్దాయన మీద జాలి కలగలేదన్నారే, అది మీ లోపం కాదు. కలగకుండా సెంబెన్ కావాలనే తీశాడు.

నేను సినిమా పండితుణ్ని కాను. ముప్పై ఒక్క ఏళ్లు పోస్టాఫీసు కౌంటర్లో కూర్చున్నవాణ్ని. సాయంత్రాలు మా ఊళ్లో ఒక చిన్న ఫిల్మ్ క్లబ్ నడిపేవాళ్లలో ఒకణ్ని. ఈ సినిమాను నాలుగుసార్లు వేశాం. తెలుగు సబ్‌టైటిళ్లు లేవు కాబట్టి మైకు పట్టుకుని డైలాగులన్నీ నేనే తెలుగులో చెప్పేవాణ్ని. అలా చెప్పీ చెప్పీ సినిమా సగం కంఠతా వచ్చేసింది. పైగా కథ మనీయార్డరు గురించి, అంటే నేను జీతం తీసుకున్న పని గురించి. అందుకే కాస్త పొడుగ్గా రాస్తున్నాను, ఓపిక పట్టండి.

చూడనివాళ్ల కోసం కథ నాలుగు ముక్కల్లో. పశ్చిమ ఆఫ్రికాలో ఒకప్పుడు ఫ్రెంచివాళ్లు ఏలిన సెనెగల్, దాని రాజధాని డకార్. ఇబ్రహీమా డియెంగ్‌కి ఇద్దరు భార్యలు, ఏడుగురు పిల్లలు, ఏళ్ల తరబడి ఉద్యోగం లేదు. పారిస్‌లో వీధులూడ్చే మేనల్లుడు అబ్దు ఇరవై ఐదు వేల ఫ్రాంకుల మనీయార్డరు పంపిస్తాడు. అందులో ఇరవై వేలు తన కోసం దాచమంటాడు, మూడు వేలు తన తల్లికిమ్మంటాడు, మిగిలిన రెండు వేలు మామకు. ఈ లెక్క చాలామంది మర్చిపోతారు. సినిమా మొత్తం గొడవపడే ఇరవై ఐదు వేలలో డియెంగ్‌కి న్యాయంగా చెందేది రెండు వేలే. పోస్ట్‌మ్యాన్ గుమ్మం దాటక ముందే పేటంతా ఆయన్ని ధనవంతుణ్ని చేసేస్తుంది. బియ్యం అరువు తెస్తారు, అప్పులడిగేవాళ్లు వరస కడతారు. డబ్బు తీసుకోవడానికి వెళ్తే గుర్తింపు కార్డు అడుగుతారు. కార్డుకు జనన ధ్రువపత్రం, ఫోటోలు, స్టాంపు కావాలి. జనన ధ్రువపత్రానికి పుట్టిన తేదీ కావాలి. ఆయనకు తెలిసింది ‘1900 ప్రాంతం’ అని మాత్రమే.

ఇక్కడ నా ఉద్యోగం నుంచి ఒక మాట. మా రోజుల్లో పల్లెటూళ్లో మనీయార్డరు ఎలా ఇచ్చేవాళ్లమో గుర్తుందా? పోస్ట్‌మ్యాన్ డబ్బు పట్టుకుని ఇంటికే వెళ్లేవాడు. రాజమ్మ అంటే ఎవరో, ఆమె కొడుకు ఏ ఊళ్లో మేస్త్రీ పని చేస్తున్నాడో ఆయనకు తెలుసు. సంతకం రాకపోతే వేలిముద్ర, పక్కింటాయన సాక్షి సంతకం. ఫారం అడుగున కబురు రాసే జాగా ఉండేది. ‘అమ్మా, ఈ నెల ఇంతే, సంక్రాంతికి వస్తాను’ అని రెండు ముక్కలుంటే పోస్ట్‌మ్యానే చదివి వినిపించేవాడు. వందకు ఐదు రూపాయల కమీషన్‌లో ఇదంతా కలిసే ఉండేది. రూల్సు, రిజిస్టర్లు, ముద్రలు అన్నీ తెల్లవాడి కాలం నుంచి వచ్చినవే, అంటే ‘ఆధునికమే’. కానీ మనిషిని గుర్తుపట్టే పని మాత్రం మనిషికే అప్పజెప్పారు. పోస్ట్‌మ్యానే గుర్తింపు కార్డు.

డకార్‌లో పోస్ట్‌మ్యాన్ బా కూడా డియెంగ్‌ని ఎరుగును. పేటంతా ఎరుగును. డియెంగ్ తన పన్ను రశీదు, ఓటరు కార్డు కూడా పట్టుకొస్తాడు. పన్ను కట్టించుకోవడానికి, ఓటు వేయించుకోవడానికి ఈ మనిషి ఫలానా అని ప్రభుత్వానికి తెలుసు. డబ్బు ఇవ్వాల్సి వచ్చేసరికి తెలియదు. సెంబెన్ దీన్ని ఎక్కడా ఉపన్యాసంలా చెప్పడు, కౌంటర్ ముందు నిలబెట్టి చూపిస్తాడంతే. కాబట్టి ‘ఆధునిక వ్యవస్థ’ అనగానే ఒకే ముద్ద కాదు. అదే మనీయార్డరు ఒక పద్ధతిలో ముసలమ్మ చేతికి అందుతుంది, ఇంకో పద్ధతిలో ముసలాయన్ని వీధిన పడేస్తుంది. తేడా ఎవరి మాటకు విలువ ఇస్తారన్న దగ్గరుంది.

పుట్టినతేదీ సంగతికి వస్తే, ఆధార్ కార్డుల్లో జనవరి ఒకటో తేదీన పుట్టిన పెద్దవాళ్లు మన ఊళ్లలో ఎంతమంది ఉన్నారో మీకు తెలిసే ఉంటుంది. మా క్లబ్బులో మొదటిసారి వేసినప్పుడు ఆ సీను దగ్గర హాలంతా నవ్వింది. అది డియెంగ్‌ని చూసి నవ్విన నవ్వు కాదు.

ఇప్పుడు అసలు దొంగ దగ్గరికి. (ఇక్కడి నుంచి ముగింపు చెప్పేస్తున్నాను, చూడకపోతే ఆగిపోండి.) తిరిగి తిరిగి అలసిపోయిన డియెంగ్ చివరికి ఎంబాయ్ అనే బంధువు దగ్గరికి వెళ్తాడు. సూటు, కారు, విల్లా, నోటినిండా ఫ్రెంచి. ఎంబాయ్ పెద్దాయనకు మర్యాద చేస్తాడు, ‘నేను చూసుకుంటాను కదా’ అంటాడు, తన పేర ముఖ్తారునామా (డియెంగ్ తరఫున డబ్బు తీసుకునే అధికారపత్రం) రాయించుకుంటాడు. మనీయార్డరు మార్చుకుంటాడు. తర్వాత, జేబు కొట్టేశారని చెప్పి ఒక బియ్యం బస్తా చేతిలో పెట్టి పంపేస్తాడు.

ఆ మోసం ఏ ముడి మీద జరిగిందో చూడండి. డియెంగ్ కాగితాన్ని నమ్మలేదు, ఆయనకు చదవడం రాదు. ఆయన నమ్మింది చుట్టరికాన్ని. ఎంబాయ్ చుట్టరికంతో తలుపు తెరిచి, కాగితంతో డబ్బు పట్టుకుపోయాడు. చుట్టరికం లేకపోతే డియెంగ్ సంతకం పెట్టేవాడు కాదు, కాగితం లేకపోతే పోస్టాఫీసు డబ్బు ఇచ్చేది కాదు. రెండూ ఒకే మనిషి జేబులో ఉన్నాయి. అందుకే ‘సంప్రదాయం వర్సెస్ ఆధునికత’ అన్న మాట నాకు ఈ సినిమాకు పొట్టి చొక్కా తొడిగినట్టు అనిపిస్తుంది.

నాది ఒక పాత సంగతి చెప్పాలి. సర్వీసులో చేరిన కొత్తలో ఒక పెద్దాయన పొదుపు ఖాతా ఉండేది. మేనల్లుడు వెంటబెట్టుకొచ్చాడు. ‘మామయ్యా, ఇక్కడ వెయ్యి, ఇక్కడ కూడా’ అని బొటనవేలు పట్టుకుని ఫారం మీద నొక్కించాడు. నేను వేలిముద్ర చూశాను, సాక్షి సంతకం చూశాను, ఖాతా నంబరు చూశాను. అన్నీ సక్రమంగా ఉన్నాయి. పెద్దాయన ముఖం మాత్రం చూడలేదు, వెనకాల క్యూ ఉంది మరి. రెండు నెలలకు ఆయన ఒక్కడే వచ్చి ఖాతాలో ఎంత ఉందని అడిగాడు. చెప్పాను. కౌంటర్ చెక్క పట్టుకుని కాసేపు నిలబడి, ‘సరేలే బాబూ, మనవాడే గదా’ అని వెళ్లిపోయాడు. ఫిర్యాదు చేయమన్నా చేయలేదు. ‘మందబి’ మొదటిసారి చూసినప్పుడు డియెంగ్‌తోపాటు నేను కూడా ఆ తెర మీద కనిపించాను, కౌంటర్‌కి ఇవతలి వైపు.

మరి మీకు డియెంగ్ మీద విసుగు ఎందుకొచ్చింది? రావాలి. సినిమా మొదట్లోనే ఆరుబయట మంగలి పని. డియెంగ్ తల గొరిగించుకుంటాడు, ముక్కు రంధ్రాల్లోకి కూడా కత్తి పోనిచ్చి శుభ్రం చేయించుకుంటాడు. కెమెరా అంత దగ్గరగా వెళ్లి ఆ ముక్కునే చూపిస్తుంది. తర్వాత ఇంటికొచ్చి, అరువు బియ్యమని అడగకుండా కడుపునిండా తిని త్రేన్చి పడుకుంటాడు. భార్యలు అటూ ఇటూ చేరి సేవ చేస్తారు. రోడ్డు మీద నడిచేటప్పుడు ఆ పెద్ద అంగరఖా (బూబూ అంటారు) భుజాల మీదికి సర్దుకోవడమే సరిపోతుంది. నిండుగా వేసుకుంటే గౌరవం, కానీ ఆ బట్టతో బస్సెక్కడమూ కష్టమే. మఖురెడియా గేయ్ అనే నటుడు ఆ సర్దుకోవడం ఒక్కదానితోనే సగం పాత్ర చెప్పేశాడు.

అదే ముక్కు తర్వాత ఫోటో స్టూడియో దగ్గర పగులుతుంది. కార్డు కోసం ఫోటో దిగుతాడు, డబ్బు కట్టేస్తాడు, వెళ్లి అడిగితే ఫోటో రాలేదంటారు, డబ్బు వెనక్కివ్వరు. గొడవలో దెబ్బ తగిలి ముక్కు నుంచి రక్తం కారి బూబూ మీద పడుతుంది. మొదటి సీనులో అంత ముద్దుగా గొరిగించుకున్న ముక్కు! నాలుగోసారి మైకులో డైలాగు చెబుతూ ఉన్నప్పుడు గానీ నాకు ఈ జత తట్టలేదు.

డియెంగ్ ‘మంచి పాతకాలానికి’ ప్రతినిధి కాడు. ఇంట్లో పెత్తనం చేస్తాడు, బయట దర్పం చూపిస్తాడు, లేని డబ్బు ఉన్నట్టు నడుస్తాడు. అదే మనిషి బస్సు చార్జీకి లేవని దారిలో ఒకామె అడిగితే తన దగ్గర ఉన్న నాలుగు ఫ్రాంకుల్లోంచి తీసి ఇస్తాడు. తర్వాత ఆమే ఇంకోచోట అదే కథ చెబుతూ ఎదురవుతుంది. దానం చేయడం ఆయన పెద్దరికంలో భాగం, మోసపోవడం కూడా దాంట్లోంచే వస్తుంది. విడదీసి ఇది మంచి సంప్రదాయం, ఇది చెడు సంప్రదాయం అనడానికి దర్శకుడు వీలివ్వలేదు.

ఇక భార్యలు మేతి, ఆరమ్. పండితులు రాసిన వ్యాసాల్లో వీళ్లకు రెండు లైన్లు దక్కితే గొప్ప. నా లెక్కలో ఆ ఇంటిని నిలబెట్టింది వీళ్లే. కొట్టువాడు ఎంబర్కా దగ్గర ఏ మాట అంటే అరువు పుడుతుందో వీళ్లకు తెలుసు. ముక్కు పగిలి మొగుడు ఇంటికొస్తే, దొంగలు కొట్టి డబ్బంతా లాక్కున్నారని పేటలో పుకారు పుట్టించి అప్పులవాళ్లను ఆపేది వీళ్లే. చదువు రాదు, ఆఫీసు తెలియదు, కానీ ఆ ఇంట్లో అసలైన రాజకీయ బుద్ధి వాళ్లదే. అబ్దు తల్లి ఊరి నుంచి తన వాటా కోసం వచ్చినప్పుడు చేతిలో పైసా లేక డియెంగ్ తాకట్టు పెట్టేది కూడా ఆరమ్ మెడలోని గొలుసే.

మా రెండో ప్రదర్శన అయ్యాక చర్చ పెట్టాం. మగవాళ్లంతా వలస పాలన, నయా వలస పాలన, బూర్జువా అంటూ ముప్పావు గంట మాట్లాడారు. వెనక కుర్చీలో ఉన్న ఒక పెద్దావిడ చెయ్యెత్తి, ‘ఇవన్నీ సరే బాబూ, ఆ పిల్ల గొలుసు మాటేమిటి?’ అంది. హాల్లో అప్పటిదాకా ఆ గొలుసు ఎవరికీ గుర్తు లేదు. ఆ రోజు నుంచి చర్చ మొదలుపెట్టేటప్పుడు నేనే ముందు గొలుసు గురించి అడుగుతున్నాను.

భాష సంగతి చెప్పకపోతే ఈ సమాధానం సగమే అవుతుంది. ‘మందబి’ అన్న పేరే చూడండి. ఫ్రెంచిలో మనీయార్డరును ‘మందా’ అంటారు. దానికి చివర ‘బి’ తగిలిస్తే సెనెగల్ జనం మాట్లాడే వొలోఫ్ భాషలో ‘ఆ మనీయార్డరు’ అని అర్థం. మనం మనీయార్డర్‌ని మనియార్డరు చేసుకున్నట్టే. సెంబెన్ 1923లో దక్షిణ సెనెగల్‌లోని జిగెన్‌షోర్‌లో పుట్టాడు. మార్సేయ్ రేవులో కూలీగా పనిచేశాడు, యూనియన్‌లో తిరిగాడు, ఫ్రెంచిలో నవలలు రాశాడు. తన ఊళ్లో ఆ నవలలు చదవగలిగేవాళ్లు బహు కొద్దిమంది అని తెలిశాక నలభై ఏళ్లకు దగ్గరపడుతుండగా మాస్కో వెళ్లి సినిమా నేర్చుకున్నాడు. సినిమాను రాత్రిబడి అనేవాడు. తను 1966లో ఫ్రెంచిలో అచ్చువేసిన కథనే రెండేళ్ల తర్వాత వొలోఫ్‌లో సినిమాగా తీశాడు. డబ్బు ఫ్రాన్సు నుంచి వచ్చింది కాబట్టి ఫ్రెంచి ప్రతి కూడా తీయాల్సి వచ్చింది. మీరు చూసింది ఫ్రెంచి ప్రతి అయితే దయచేసి వొలోఫ్‌ది మళ్లీ చూడండి. ఎందుకంటే అందులో ఎవరు ఎప్పుడు ఫ్రెంచిలోకి మారతారన్నదే ఒక కథ. కౌంటర్ అవతల ఉన్నవాళ్లు, ఎంబాయ్ లాంటివాళ్లు ఫ్రెంచిలోకి జారతారు. డియెంగ్ ముఖం ఆ క్షణంలో తలుపు మూసినట్టు అవుతుంది. సబ్‌టైటిళ్లలో రెండు భాషలూ ఒకేలా కనిపిస్తాయి, చెవి పెట్టి వినాలి. తాలూకాఫీసులో మనతో తెలుగులో మాట్లాడుతూ మాట్లాడుతూ పక్క గుమాస్తాతో ఇంగ్లీషులో ఏదో అనేసి ఫైలు మూసేస్తారు చూడండి, అదే.

భాష విషయంలో సెంబెన్ ఎంత మొండివాడంటే, తర్వాత తీసిన ‘చెడ్డో’ (1977) పేరులో ‘డ’ అక్షరం ఒక్కటా రెండా అన్న దగ్గర దేశాధ్యక్షుడు సెంఘోర్ ప్రభుత్వంతో పేచీ పడింది. స్పెల్లింగు పేరు చెప్పి సినిమానే ఆపేశారు. అసలు కారణం మతమని అనేవాళ్లున్నారు, అది వేరే చర్చ.

మరి సంప్రదాయం, ఆధునికత అన్న మాట ఏ సినిమాకూ సరిపోదా అంటే, సరిపోయేవి ఉన్నాయి. కామెరూన్ దర్శకుడు దికోంగె పిపా తీసిన ‘మునా మోతో’ (1975) చూడండి. ప్రేమించిన అమ్మాయికి ఓలి (పెళ్లికొడుకు పిల్ల తరఫువాళ్లకు ఇచ్చే సొమ్ము) ఇచ్చుకోలేని కుర్రవాడు ఆచారం ప్రకారం బాబాయి సాయం అడుగుతాడు. పిల్లలు లేని ఆ బాబాయి, ఉన్న ముగ్గురు భార్యలు చాలక ఆ అమ్మాయినే నాలుగో భార్యగా తెచ్చుకుంటాడు. మనకు కట్నం అంటే అటు నుంచి ఇటు, అక్కడ ఓలి ఇటు నుంచి అటు, లెక్కలో బలయ్యేది మాత్రం అమ్మాయే. అక్కడ ఆచారమే డబ్బు చేతిలో పడి ఎలా వంకర తిరిగిందో నలుపు తెలుపుల్లో చాలా మెత్తగా చూపించాడు. నాకు అది ‘మందబి’ కన్నా బాధపెట్టే సినిమా. సెంబెన్‌దే ‘క్సాలా’ (1975) కూడా చూడండి. ఎంబాయ్ లాంటివాడు ఎదిగి మంత్రుల సరసన కూర్చుంటే ఎలా ఉంటుందో అందులో ఉంది. కారుకు ఫ్రాన్సు నుంచి వచ్చిన సీసా నీళ్లు పోయించుకునే పెద్దమనిషి కథ. నవ్వు తెప్పిస్తుంది, చివర్లో కడుపులో తిప్పుతుంది. జిబ్రిల్ జోప్ మాంబెటీ తీసిన ‘తుకీ బుకీ’ (1973) కూడా ఇదే వరసలో చెబుతారు గానీ, మొదట దాంతో మొదలెట్టకండి. కథ ముక్కలు ముక్కలుగా ఉంటుంది, విసుగొచ్చి అన్నీ మానేస్తారు.

నెమ్మదిగా ఉందన్న ఫిర్యాదుకు నా దగ్గర పెద్ద సమాధానం లేదు. క్యూలో నిలబడటం నెమ్మదిగానే ఉంటుంది. ఫోన్ పక్కన పెట్టి, డియెంగ్ చేతిలో ఎంత మిగిలిందో లెక్క వేసుకుంటూ చూడండి. ఎవరికెంత ఇచ్చాడు, బాకీ ఎంత పెరిగింది అని కాగితం మీద రాసుకున్నా ఫర్వాలేదు. నేను అలాగే చూశాను, ఉద్యోగపు అలవాటు. సినిమా మధ్యకు వచ్చేసరికి తన వాటా అయిన రెండు వేలు ఎప్పుడో ఖర్చయిపోయాయని, ఇంకా రాని ఇతరుల డబ్బు మీద బతుకుతున్నాడని తెలుస్తుంది. అక్కడి నుంచి ప్రతి సీనూ బిగుసుకుంటుంది.

చివరగా నాకు నచ్చని చోటు. ముగింపులో డియెంగ్, ఈ దేశంలో నిజాయితీ పనికిరాదు, నేనూ అందరిలా మారిపోతానంటాడు. పోస్ట్‌మ్యాన్ బా అడ్డం పడి, కాదు, ఈ దేశాన్ని మనమే మార్చాలని చెబుతాడు. ఎవరు మార్చాలని అడిగితే నువ్వూ, నీ భార్యలూ, పిల్లలూ, నేనూ అంటాడు. గంటన్నర సేపు ఏమీ చెప్పకుండా అన్నీ చూపించిన దర్శకుడు ఇక్కడ ఎందుకో నోరు విప్పాడు. పాత యూనియన్ అలవాటు కాబోలు. బాగుందనేవాళ్లే ఎక్కువ, నాకు మాత్రం ఎర్రజెండా మీటింగులో చివరి స్పీచిలా వినిపిస్తుంది. మాతోపాటు చూసిన ఒక రిటైర్డ్ పోస్ట్‌మ్యాన్‌కి కూడా ఆ సీను నచ్చలేదు, కానీ కారణం వేరు. ‘గుమ్మం దగ్గర అంతసేపు నిలబడి మాట్లాడితే బీటు ఎప్పటికి పూర్తవుతుందండీ?’ అన్నాడు.